వెనక గదిలో బడి

జాన్స్ దీవిలో ఒక కిరాణా దుకాణం ఉండేది. ముందు గదిలో సరుకులు అమ్మేవారు. వెనక రెండు గదులు ఉండేవి. ఆ గదులకు కిటికీలు లేవు. 1957 జనవరి 7వ తేదీ రాత్రి 14 మంది ఆ వెనక గదిలోకి వచ్చి కూర్చున్నారు. అందరూ పెద్దవాళ్ళే. పగలంతా పొలాల్లోనో, ఇతరుల ఇళ్ళలోనో పని చేసి వచ్చినవాళ్ళు. చదువు నేర్చుకోవడానికి వచ్చారు.

చదువుకోవడానికి ఇంత చాటు ఎందుకు? కిటికీ లేని గది ఎందుకు? ముందు దుకాణం అడ్డం ఎందుకు?

ఇది తెలియాలంటే ఆ దేశం సంగతి కొంచెం తెలియాలి.

ఓటుకు వేసిన తాళం

జాన్స్ దీవి అమెరికా దేశంలో ఉంది. దక్షిణ కెరొలినా అనే రాష్ట్రంలో, చార్ల్‌స్టన్ అనే పట్నానికి దగ్గరగా, సముద్రం ఒడ్డున ఉంది. ఒకప్పుడు ఆఫ్రికా ఖండం నుంచి నల్లవాళ్ళను పట్టుకొచ్చి, ఓడల్లో కుక్కి, ఈ చార్ల్‌స్టన్ రేవులో దించేవారు. సంతలో పశువులను అమ్మినట్టు అమ్మేవారు. కొనుక్కున్న తెల్లవాళ్ళు వాళ్ళ చేత వరి పండించారు, పత్తి పండించారు. కూలి లేదు. తల్లి ఒళ్ళోంచి బిడ్డను లాక్కుని అమ్ముకున్నా అడిగే దిక్కు లేదు. బానిసకు చదువు నేర్పడం ఆ రాష్ట్రంలో నేరం. నేర్పినవాళ్ళకు శిక్ష పడేది.

1865లో బానిసత్వం పోయింది. 1870లో నల్లజాతి మగవాళ్ళకు ఓటు హక్కు ఇస్తూ రాజ్యాంగాన్ని మార్చారు. 1920లో ఆడవాళ్ళకు ఓటు హక్కు వచ్చింది. కాగితం మీద అంతా బాగానే ఉంది.

కానీ ఓటు వెయ్యాలంటే ముందు ఓటర్ల జాబితాలో పేరు ఎక్కించుకోవాలి. పేరు ఎక్కించే గుమాస్తా తెల్లవాడు. 1895లో ఆ రాష్ట్రం ఒక రూలు పెట్టింది. ఓటు కావాలంటే రాజ్యాంగంలో ఒక భాగం చదివి, రాసి చూపించాలి. లేదంటే 300 డాలర్ల ఆస్తి ఉండాలి. మనకు రూపాయి ఎలాగో వాళ్ళకు డాలరు అలాగ. కూలి చేసుకునేవాళ్ళకు 300 డాలర్ల ఆస్తి ఎక్కడిది? ఇక మిగిలింది చదివి చూపించడమే. చదివింది సరిగ్గా ఉందో లేదో చెప్పేది కూడా ఆ గుమాస్తాయే. మిసిసిపి వంటి రాష్ట్రాల్లోనూ ఇలాంటి పరీక్షలే ఉండేవి. అక్కడ బడిలో పాఠాలు చెప్పే నల్లజాతి టీచర్లు కూడా తప్పారని రాసి పంపేసేవారు.

ఎంత మోసమో చూడండి. మొదట చదువుకోనివ్వలేదు. తర్వాత చదువు రాదు గనక ఓటు లేదన్నారు. కళ్ళకు గంతలు వాళ్ళే కట్టి, నీకు దారి కనపడదు, ఇంట్లోనే కూర్చో అన్నట్టు ఉంది.

మన దేశంలో కూడా తెల్లదొరల కాలంలో అందరికీ ఓటు లేదు. ఆస్తి ఉన్నవాళ్ళకూ, పన్ను కట్టేవాళ్ళకూ, చదువుకున్నవాళ్ళకూ ఉండేది. 1950లో వచ్చిన మన రాజ్యాంగం ఆ అడ్డు తీసేసింది. చదువు వచ్చినా రాకపోయినా, వయసు వచ్చిన ప్రతి మనిషికీ ఒక ఓటు అన్నది. 1951-52లో జరిగిన మొదటి ఎన్నికల్లో, అక్షరాలు రానివాళ్ళ కోసం గుర్తులు పెట్టారు. కాడెద్దుల గుర్తు ఆ రోజుల్లోదే. ఓటు వెయ్యడానికి మన అమ్మలూ అమ్మమ్మలూ ఎవరి ముందూ పరీక్ష రాయలేదు. జాన్స్ దీవి ఆడవాళ్ళు రాయాల్సి వచ్చింది.

బస్సులో పాఠం

ఈసా జెంకిన్స్ జాన్స్ దీవిలో 1910లో పుట్టాడు. నల్లజాతి రైతు. చిన్నప్పుడు నాలుగో తరగతితో బడి మానేశాడు. పెద్దయ్యాక కూరగాయలు పండించి చార్ల్‌స్టన్‌లో అమ్మేవాడు. కొనే దుకాణదార్లలో గ్రీసు దేశం వాళ్ళు ఉండేవారు. వాళ్ళతో బేరం చెయ్యడానికి గ్రీకు భాష నేర్చుకున్నాడు. అలాంటి పట్టుదల మనిషి.

తర్వాత అతను ఒక బస్సు నడిపాడు. దీవిలో ఉండి పట్నంలో పని చేసేవాళ్ళను రోజూ పొద్దున్నే తీసుకువెళ్ళేవాడు. వాళ్ళలో పొగాకు ఫ్యాక్టరీలో పని చేసేవాళ్ళు ఉండేవారు. తెల్లవాళ్ళ ఇళ్ళలో వంట చేసే, బట్టలు ఉతికే ఆడవాళ్ళు ఉండేవారు. దారి పొడుగునా జెంకిన్స్ ఓటు గురించి మాట్లాడేవాడు. ఓటు రూలు ఉన్న కాగితాలు పంచి, అందులో ఏముందో చదివి వినిపించేవాడు.

ఆ బస్సులో ఆలిస్ వైన్ అనే ఆమె వచ్చేది. తనకు బడి చదువు అంతగా లేదనీ, నేర్పితే తాను కూడా ఓటు వేస్తాననీ ఆమె జెంకిన్స్‌ను అడిగింది. అతను ఒప్పుకున్నాడు. ఆలిస్ ఆ రాజ్యాంగం భాగాన్ని విని విని కంఠతా పట్టింది. గుమాస్తా దగ్గరకు వెళ్ళి గడగడా అప్పజెప్పింది. ఆమె పేరు ఓటర్ల జాబితాలో ఎక్కింది.

ఆమె గెలిచింది. కానీ ఆమెకు తెలుసు, తాను చదవలేదు, వల్లించింది. ఆమెకు నిజంగా చదవాలని ఉంది. ఇలాంటివాళ్ళు దీవిలో ఇంకా ఎంతోమంది ఉన్నారని జెంకిన్స్‌కు తెలుసు. బస్సులో కూర్చుని ఎంతమందికి నేర్పగలడు? పెద్దవాళ్ళకు ఒక రాత్రి బడి కావాలి. ఈ మాట అతను 1954లో ఒక సభలో పెట్టాడు. ఆ సభకు అతన్ని రప్పించిన మనిషి సెప్టిమా క్లార్క్.

చాకలి పని చేసిన తల్లి కూతురు

సెప్టిమా 1898లో చార్ల్‌స్టన్‌లో పుట్టింది. తండ్రి బానిసగా పుట్టినవాడు. తల్లి ఇంటి దగ్గర ఊరివాళ్ళ బట్టలు ఉతికి పిల్లలను పెంచింది. సెప్టిమా కష్టపడి చదివి టీచరు పరీక్ష ప్యాసైంది. అయితే చార్ల్‌స్టన్ సర్కారు బడుల్లో నల్లజాతి టీచర్లను తీసుకునేవారు కాదు. నల్లజాతి పిల్లలకు కూడా తెల్ల టీచర్లే. అందుకని 1916లో, 18 ఏళ్ళ వయసులో, ఆమె జాన్స్ దీవికి వెళ్ళింది. అప్పుడు అక్కడికి పడవలో పోవాలి.

ఆమె బడిలో 132 మంది పిల్లలు, ఇద్దరు టీచర్లు. రోడ్డుకు అవతల తెల్లపిల్లల బడి. అందులో ముగ్గురు పిల్లలు, ఒక టీచరు. సెప్టిమా కంటే ఆ టీచరు జీతం రెండింతలకు పైనే. పొలాల్లో పని ఉన్న రోజుల్లో నల్లపిల్లలు బడికి రాలేరు. రాత్రిపూట పెద్దవాళ్ళు వచ్చి తమకూ నాలుగు అక్షరాలు చెప్పమని అడిగేవారు. ఆమె చెప్పేది. పలకలు లేకపోతే బట్టలు చుట్టి ఇచ్చే దళసరి కాగితం సంచుల మీద రాసి చూపించేది. పెద్దవాళ్ళకు చదువు చెప్పడం ఆమె అక్కడే నేర్చుకున్నది.

1919లో ఆమె చార్ల్‌స్టన్‌లో ఇంటింటికీ తిరిగి సంతకాలు పోగు చేసింది. నల్లజాతివాళ్ళను కూడా టీచర్లుగా తీసుకోవాలని ఆ అర్జీ. మరుసటి ఏడాది తీసుకోక తప్పలేదు. తర్వాత తెల్ల టీచర్లతో సమానంగా జీతం ఇవ్వాలని కోర్టులో పోరాడారు. ఆ కేసు కోసం కూడా ఆమె పని చేసింది. 1945లో అదీ గెలిచారు.

1956లో అసలు దెబ్బ పడింది. నల్లజాతివాళ్ళ హక్కుల కోసం పని చేసే ఒక పెద్ద సంఘం ఉంది. సర్కారు ఉద్యోగులు ఎవరూ ఆ సంఘంలో ఉండకూడదని దక్షిణ కెరొలినా రాష్ట్రం చట్టం చేసింది. సంఘమైనా వదులుకోవాలి, ఉద్యోగమైనా వదులుకోవాలి. సెప్టిమా తనలాంటి నల్లజాతి టీచర్లకు 726 ఉత్తరాలు రాసింది. మనమంతా కలిసి ఈ చట్టాన్ని ఒప్పుకోమని చెబుదాం అని అడిగింది. 26 మంది జవాబు ఇచ్చారు. అధికారి దగ్గరకు వెళ్ళే రోజున వచ్చింది అయిదుగురు.

ఆమె సంఘాన్ని వదల్లేదు. ఉద్యోగం పోయింది. 40 ఏళ్ళు పాఠాలు చెప్పింది. పింఛను కూడా పోయింది. అప్పుడు ఆమెకు 58 ఏళ్ళు. తోటి ఆడవాళ్ళ సంఘం ఒకటి ఆమె గౌరవం కోసం విందు చేసింది. విందుకు వచ్చినవాళ్ళే ఆమె పక్కన నిలబడి ఫోటో దిగడానికి జంకారు. ఫోటో పేపర్లో పడితే తమ ఉద్యోగాలు కూడా పోతాయని భయం. వాళ్ళను తిట్టి లాభం లేదు. ఇంట్లో పొయ్యి వెలగాలంటే జీతం కావాలి. భయపెట్టేవాళ్ళకు ఈ సంగతి బాగా తెలుసు.

కొండ మీద బడి

జీతం పోయిన సెప్టిమాను హైలాండర్ అనే బడి పిలిచి పని ఇచ్చింది. ఇది టెనెసీ రాష్ట్రంలో కొండ మీద ఉండేది. పిల్లల బడి కాదు. కూలీలు, గని కార్మికులు, రైతులు వచ్చి కొన్ని రోజులుండి తమ కష్టాల గురించి మాట్లాడుకునే చోటు. 1932లో మైల్స్ హార్టన్ అనే తెల్లజాతి యువకుడు మిత్రులతో కలిసి దీన్ని పెట్టాడు.

హార్టన్ సోషలిజం భావాలున్న గురువుల దగ్గర చదువుకున్నాడు. సోషలిజం అంటే ఏమిటి? భూమి, ఫ్యాక్టరీ, సంపద కొద్దిమంది చేతుల్లోనే ఉండకూడదు, కష్టపడే అందరికీ చెందాలి అనే ఆలోచన. దీన్నే సామ్యవాదం అని కూడా అంటారు. అయితే హైలాండర్‌లో ఎవరూ సిద్ధాంతాలు వల్లె వేయించలేదు. వచ్చినవాళ్ళను మీ కష్టం ఏమిటి, మీరేం చెయ్యగలరు అని అడిగేవారు. నల్లవాళ్ళూ తెల్లవాళ్ళూ ఒకే బల్ల దగ్గర తినేవారు, ఒకే కప్పు కింద పడుకునేవారు. ఆ రోజుల్లో అక్కడ అది చట్టానికి వ్యతిరేకం. మన ఊళ్ళలో రెండు గ్లాసుల హోటళ్ళు చూసినవాళ్ళకు ఇది ఎంత పెద్ద సంగతో చెప్పక్కర్లేదు.

1955 వేసవిలో రోజా పార్క్స్ అనే ఆమె హైలాండర్‌కు వచ్చింది. ఆమెది మాంట్‌గొమరీ పట్నం. బట్టలు కుట్టే పని. అక్కడ సెప్టిమా నడిపిన తరగతుల్లో కూర్చున్నది. అదే ఏడాది డిసెంబరు 1న మాంట్‌గొమరీలో సిటీ బస్సులో తెల్లవాడి కోసం సీటు ఖాళీ చెయ్యమంటే ఆమె లేవలేదు. పోలీసులు అరెస్టు చేశారు. ఊరిలోని నల్లజాతివాళ్ళంతా బస్సులు ఎక్కడం మానేశారు. 381 రోజులు నడిచే పోయారు. కొందరు కార్లు పంచుకున్నారు.  ఆ పోరాటంలోనే మార్టిన్ లూథర్ కింగ్ పేరు దేశానికి తెలిసింది. ఆయన గాంధీ గారి దారి చదివినవాడు. 1959లో మన దేశానికి కూడా వచ్చి వెళ్ళాడు.

టీచరు కాని టీచరు

జెంకిన్స్ అడిగిన రాత్రి బడికి హైలాండర్ సాయం చేస్తానన్నది. చోటు ఇవ్వడానికి దీవిలో అందరికీ భయం. చివరకు జెంకిన్స్, అతని మిత్రులు హైలాండర్ దగ్గర 1500 డాలర్లు అప్పు తీసుకుని ఒక పాత బడి భవనం కొన్నారు. ముందు గదిలో సహకార దుకాణం పెట్టారు. దుకాణం మీద వచ్చిన డబ్బుతో అప్పు తీర్చుకుంటూ వచ్చారు. చూసేవాళ్ళకు అది దుకాణం. వెనక కిటికీలు లేని గదుల్లో బడి. ఉపాయం బాగుంది కదా!

మరి చదువు చెప్పేది ఎవరు? సెప్టిమా తన బంధువు బెర్నిస్ రాబిన్సన్‌ను అడిగింది. బెర్నిస్ చార్ల్‌స్టన్‌లో ఆడవాళ్ళ జుట్టు దువ్వి ముస్తాబు చేసే దుకాణం నడిపేది. బట్టలు కూడా కుట్టేది. తాను ఎప్పుడూ చదువు చెప్పలేదు, తన వల్ల కాదు అన్నది. సెప్టిమా, హార్టన్ అందుకే ఆమె కావాలన్నారు. పట్నం నుంచి వచ్చిన టీచరైతే దీవి వాళ్ళను చిన్నచూపు చూడొచ్చు. వాళ్ళ యాస విని నవ్వొచ్చు. దీవి వాళ్ళది గల్లా అనే మాట. ఇంగ్లీషులో ఆఫ్రికా మాటలు కలిసిన యాస. బెర్నిస్ ఎదుటివాళ్ళ మాట వింటుంది. పైగా ఆమె ఖాతాదారులంతా నల్లజాతి ఆడవాళ్ళే. ఆమెను ఉద్యోగంలోంచి తీసెయ్యడానికి తెల్ల యజమాని అంటూ ఎవరూ లేరు. సెప్టిమాకు జరిగింది ఆమెకు జరగదు.

మొదటి రాత్రి బెర్నిస్ ఆ 14 మంది ముందు నిలబడి, తాను టీచరును కాననీ, అందరం కలిసి నేర్చుకుందామనీ చెప్పింది. ఆమె చిన్నపిల్లల వాచకాలు కొన్ని వెంట తెచ్చింది. చూడగానే అవి పనికిరావని ఆమెకే తెలిసింది. పిల్లలను పెంచి పెద్ద చేసినవాళ్ళ చేత పిల్లి బొమ్మ, బంతి బొమ్మ పాఠాలు ఎలా చదివించడం? వాటిని పక్కన పడేసింది. మీకేం కావాలి అని అడిగింది.

వాళ్ళు చెప్పారు. తమ పేరు తాము రాసుకోవాలి. బైబిలు చదవాలి. దూరాన ఉన్న కొడుకు రాసిన ఉత్తరం ఇంకొకరి చేత చదివించుకోకుండా చదువుకోవాలి. పోస్టులో సామాను తెప్పించుకునే కాగితం నింపాలి. మగవాళ్ళు పొలం లెక్కలు అడిగారు. ఓటు కాగితం చదవాలని అందరూ అడిగారు. అవే పాఠాలయ్యాయి.

ఇక్కడ కాసేపు పుస్తకం మూసి, మీ కేంద్రంలో మాట్లాడుకోండి. మీరు బడికి వచ్చిన మొదటి రోజు ఏం చదవాలనుకున్నారు? రేషను కార్డా? బస్సు బోర్డా? అప్పు కాగితమా? బెర్నిస్ మీ ఊరికి వచ్చి అడిగితే ఏం చెప్పేవారు?

పేరు రాయడానికి బెర్నిస్ ఒక పద్ధతి పెట్టింది. అట్టముక్క మీద వాళ్ళ పేరు పెద్దగా రాసి ఇచ్చేది. దాని మీదే పెన్సిలుతో మళ్ళీ మళ్ళీ దిద్దాలి. నాగలి పట్టిన చెయ్యి, పార పట్టిన చెయ్యి. కొందరు పెన్సిలు ఎంత గట్టిగా నొక్కేవారంటే అది విరిగిపోయేది. విరిగితే ఇంకోటి ఇచ్చేది.

గోడ మీద ఆమె ఒక పెద్ద కాగితం అంటించింది. అది ఐక్యరాజ్యసమితి 1948లో చేసిన మానవ హక్కుల ప్రకటన. బడి అయిపోయే నాటికి అందరూ దాన్ని చదవాలని చెప్పింది. అందులో చాలా కష్టమైన మాటలు ఉన్నాయి. అయినా తగ్గించలేదు.

తరగతిలో 65 ఏళ్ళ ఆమె ఒకామె ఉండేది. ఒకరోజు బెర్నిస్ బల్ల మీద అందరి పేర్లూ రాసింది. ఆ ముసలమ్మ లేచి వెళ్ళి, అన్ని పేర్లలో తన పేరును చూపించింది. ఒక్కొక్క అక్షరం పైకి చదివింది. అప్పుడు తనకు ఒళ్ళు గగుర్పొడిచిందని బెర్నిస్ తర్వాత ఎన్నోసార్లు చెప్పుకున్నది. మొదటిసారి తన పేరు తాను గుర్తు పట్టిన రోజు ఎలా ఉంటుందో ఈ పాఠం చదివేవాళ్ళకు వేరే చెప్పాలా?

కోతలు అయ్యాక, మళ్ళీ నాట్లు మొదలయ్యే లోపల, శీతాకాలంలో బడి నడిచింది. వారానికి రెండు రాత్రులు. ఆ పంట పనులు మొదలయ్యే నాటికి 14 మందీ వెళ్ళి ఓటర్ల జాబితాలో పేర్లు ఎక్కించుకున్నారు.

పోలీసులు వచ్చిన రాత్రి

పక్క దీవుల వాళ్ళు కూడా బడి కావాలన్నారు. వాడ్‌మలా దీవిలో పెట్టారు. ఎడిస్టో దీవిలో పెట్టారు. చార్ల్‌స్టన్‌కు ఉత్తరాన ఒక ముస్తాబు దుకాణంలో పెట్టారు. వీటికి పౌరసత్వ బడులు అని పేరు వచ్చింది. చదవడం, రాయడంతో పాటు పన్ను ఎందుకు కడుతున్నాం, ఆ డబ్బు ఎటు పోతుంది, మా వీధికి రోడ్డు ఎందుకు లేదు, ఎవరిని అడగాలి అన్నది కూడా అక్కడ పాఠమే. చదువుకున్న మనిషి తర్వాత ఏం అడుగుతుందో ముందుగా చెప్పలేం. 1992లో నెల్లూరు జిల్లా దూబగుంటలో అక్షరాలు నేర్చుకున్న ఆడవాళ్ళు సారా మీద తిరగబడ్డారు. చివరకు ఆ సారా పోరాటం రాష్ట్రమంతా పాకింది.

అమెరికాలో ఈ బడులు కొందరికి కంటగింపు అయ్యాయి. హైలాండర్ కమ్యూనిస్టుల బడి అని ప్రచారం చేశారు. కింగ్ అక్కడ కూర్చున్న ఫోటోను పెద్ద బోర్డుల మీద వేసి రోడ్ల పక్కన పెట్టారు. 1959 జులై 31 రాత్రి పోలీసులు హైలాండర్ మీద పడ్డారు. ఆ ప్రాంతంలో మద్యనిషేధం ఉంది. సారాయి దాచారని నేరం మోపి సెప్టిమాను పట్టుకుపోయారు. ఆమె ఎప్పుడూ తాగి ఎరగదు. లోపల దీపాలు ఆర్పేశారు. చీకట్లో పిల్లలు, పెద్దలు కూర్చుని పాట మొదలుపెట్టారు. మాంట్‌గొమరీ నుంచి వచ్చిన ఒక 14 ఏళ్ళ అమ్మాయి, తమకు భయం లేదన్న కొత్త చరణం ఆ పాటలో అప్పటికప్పుడు కలిపింది.

ఆ పాటకు కూడా ఒక కథ ఉంది. 1945-46లో చార్ల్‌స్టన్ పొగాకు ఫ్యాక్టరీ కూలీలు సమ్మె చేశారు. ఎక్కువమంది నల్లజాతి ఆడవాళ్ళు. సమ్మెలో వాళ్ళు ఒక పాత గుడి పాటను మార్చి పాడుకున్నారు. వాళ్ళ దగ్గర నుంచి అది హైలాండర్‌కు, అక్కడి నుంచి లోకమంతటికీ పోయింది. మన బడుల్లో పిల్లలు దాన్ని హిందీలో పాడతారు.

సెప్టిమా మీద కేసు నిలవలేదు. కానీ 1961 నాటికి హైలాండర్‌ను సర్కారు మూయించింది. హార్టన్ వాళ్ళు వేరే చోట, వేరే పేరుతో మళ్ళీ మొదలుపెట్టారు. పౌరసత్వ బడులను మాత్రం కింగ్ నడిపే సంఘం తీసుకున్నది. సెప్టిమా కూడా వాటితోపాటు అక్కడికి వెళ్ళింది. జార్జియా రాష్ట్రంలో ఒక చోట శిక్షణ పెట్టారు. ఊళ్ళ నుంచి మంగలి పని చేసేవాళ్ళు, కుట్టుపని ఆడవాళ్ళు, కౌలు రైతులు వచ్చేవారు. గట్టిగా చదవగలిగి, బల్ల మీద రాయగలిగితే చాలు. వారం రోజులు నేర్చుకుని తిరిగి వెళ్ళి తమ ఊళ్ళో బడి పెట్టేవారు. ఇలా వేలమంది తయారయ్యారు.

చెయ్యి ఎత్తకుండా

వీళ్ళది అహింస దారి. కొట్టినా తిరిగి కొట్టకూడదు, అలా అని అన్యాయానికి తలవంచకూడదు. చెప్పడం తేలిక. 1962లో బర్మింగ్‌హామ్ పట్నంలో సభ జరుగుతుండగా ఒక తెల్లవాడు వేదిక ఎక్కి కింగ్ ముఖం మీద కొట్టాడు. కింగ్ చేతులు కిందికి దించేశాడు. అడ్డం కూడా పెట్టుకోలేదు. వాణ్ణి ఏమీ చెయ్యొద్దని జనానికి చెప్పాడు. సెప్టిమా ఆ సభలో ఉండి చూసింది.

పేరున్న నాయకుడిని కొడితే పేపర్లు రాస్తాయి. పల్లెటూరి ఆడదాన్ని కొడితే ఎవరు చూస్తారు? ఫానీ లూ హేమర్ సంగతి వినండి. మిసిసిపి రాష్ట్రం. 1917లో పుట్టింది. 20 మంది పిల్లల్లో ఆఖరిది. ఆరేళ్ళ నుంచి పత్తి ఏరింది. తనకు ఓటు హక్కు ఉందని ఆమెకు తెలిసేటప్పటికి 44 ఏళ్ళు. 1962 ఆగస్టు 31న మరో 17 మందితో కలిసి పేరు ఎక్కించుకోవడానికి వెళ్ళింది. పరీక్షలో తప్పారన్నారు. ఆ రాత్రే భూస్వామి ఆమెను పొలం నుంచి, ఇంటి నుంచి వెళ్ళగొట్టాడు. 18 ఏళ్ళు ఆ పొలంలో పని చేసింది. మళ్ళీ వెళ్ళింది. మళ్ళీ వెళ్ళింది. 1963 జనవరిలో పేరు ఎక్కింది.

ఆ ఏడాది జూన్‌లో ఆమె దక్షిణ కెరొలినాలో పౌరసత్వ బడి శిక్షణ ముగించుకుని బస్సులో తిరిగి వస్తోంది. వినోనా అనే ఊళ్ళో పోలీసులు వాళ్ళను అరెస్టు చేశారు. జైల్లో ఆమెను పడుకోబెట్టి, అక్కడున్న నల్లజాతి ఖైదీల చేత కొట్టించారు. ఆ దెబ్బలకు మూత్రపిండాలు చెడిపోయాయి. బతికున్నన్నాళ్ళూ ఆమెకు ఆ నొప్పి ఉంది. 1964లో ఒక పెద్ద పార్టీ మహాసభలో ఆమె ఇదంతా చెప్పింది. దేశమంతా టీవీలో చూసింది. కొట్టినవాళ్ళ మీద కర్ర ఎత్తలేదు. జరిగింది జరిగినట్టు చెప్పింది.

1965 మార్చిలో సెల్మా ఊళ్ళో ఓటు కోసం నడిచిన జనాన్ని పోలీసులు వంతెన దగ్గర చితకబాదారు. అదీ టీవీలో దేశం చూసింది. ఆ ఏడాది ఆగస్టు 6న ఓటు హక్కుల చట్టం వచ్చింది. దక్షిణాది రాష్ట్రాల్లో చదువు పరీక్ష ఆగిపోయింది. తర్వాత పదేళ్ళలో దేశమంతటా పూర్తిగా రద్దయింది. 1964లో మిసిసిపిలో నల్లజాతివాళ్ళలో నూటికి ఏడుగురి పేర్లు కూడా జాబితాలో లేవు. మూడేళ్ళలో సగం మందికి పైగా ఎక్కారు. 2013లో ఆ దేశపు సుప్రీంకోర్టు ఈ చట్టంలో ఒక ముఖ్యమైన భాగాన్ని కొట్టేసింది. దాని మీద అక్కడ తర్వాత కూడా పోరాటం నడుస్తూ వచ్చింది.

ఒక సంగతి గమనించాలి. సెప్టిమా వాళ్ళు ఆ పరీక్ష ప్యాసవడానికి చదువు నేర్పారు. అదే సమయంలో ఆ పరీక్షే ఉండకూడదని పోరాడారు. ఈ రెండూ ఒకదానికొకటి అడ్డం రాలేదు. చదువు రానంత మాత్రాన మనిషి హక్కు తగ్గదు. చదువు వస్తే ఆ హక్కును ఎవరు కాజేస్తున్నారో తెలుస్తుంది.

మగవాళ్ళ సంఘంలో

కింగ్ సంఘంలో సెప్టిమాకు ఇంకో రకం ఇబ్బంది ఎదురైంది. పెద్దలంతా మగవాళ్ళు, ఎక్కువమంది చర్చి పాస్టర్లు. ఆమె కమిటీలో ఉంది. ఈమె కమిటీలో ఎందుకు ఉంది అని ఒక పెద్ద నాయకుడు సభ సభకూ అడిగేవాడు. ఈమె వల్లే ఈ బడులు మనకు వచ్చాయని కింగ్ జవాబు చెప్పేవాడు. మళ్ళీ సభలో అదే ప్రశ్న.

ప్రతి ఊరేగింపుకూ మీరే ముందు నడవకండి, వేరేవాళ్ళను కూడా నాయకులుగా తయారు చెయ్యండి అని ఆమె ఒకసారి కింగ్‌కు ఉత్తరం రాసింది. ఆయన దాన్ని కార్యాలయంలో చదివి వినిపించాడు. విన్నవాళ్ళు నవ్వారు. అహింసను నమ్మిన మంచివాళ్ళు కూడా ఆడదాని సలహాకు నవ్వగలరు. సెప్టిమా కింగ్‌ను గౌరవించింది. ఈ తప్పును కూడా దాచకుండా చెప్పింది. ఆడవాళ్ళ మాట వినకపోవడం ఆ ఉద్యమంలో పెద్ద లోపమని తర్వాత స్పష్టంగా అన్నది.

ఆమె 1970లో ఆ పని నుంచి విరమించింది. 1975లో చార్ల్‌స్టన్‌లో బడుల బోర్డు ఎన్నికల్లో నిలబడి గెలిచింది. తనను టీచరు పని నుంచి తీసేసిన పట్నంలోనే, బడులు ఎలా నడవాలో చెప్పే కుర్చీలో కూర్చున్నది. మరుసటి ఏడాది రాష్ట్రం ఆమె పింఛను తిరిగి ఇచ్చింది. ఉద్యోగం పోయి అప్పటికి 20 ఏళ్ళు. ఆమెకు 78 ఏళ్ళు. 1987 డిసెంబరు 15న ఆమె చనిపోయింది. పడవ దిగి మొదటిసారి పాఠం చెప్పిన జాన్స్ దీవిలోనే.